స్నేహ చెరిపేసిన బుంగ

పొద్దున్నే పాలు కాచి తోడు వేశాక ప్రమీలారాణి ఆ గిన్నెను పట్టుకెళ్ళి కుంపటి పక్కన పెట్టేది. కుంపటంటే బొగ్గులది కాదు, కూతురు స్నేహ ఆడే వీడియో గేములోంచి వచ్చిన జీవం. తొండకీ లేగదూడకీ మధ్యరకంగా ఉండేది. ఒళ్ళెప్పుడూ గోరువెచ్చగా ఉండేది. అది వంటింటి గడప దగ్గర ముడుచుకుని పడుకుంటే ఎంత చలికాలంలోనైనా పెరుగు గడ్డలా తోడుకునేది. మధ్యాహ్నం పూట ఎదురింటి వేదవతిగారు వచ్చి, "మోకాళ్ళు పట్టేశాయి ప్రమీలా, కాసేపు దాన్ని ఇటు పంపమ్మా" అని అడిగి తీసుకెళ్ళేవారు. సాయంత్రం అది దారి తెలిసినట్టు తనంతట తనే తిరిగొచ్చేది.

తెనాలి గంగానమ్మపేటలోని ఆ ఇంట్లో ఇదంతా రోజూ ఉండేదే. స్నేహ ఏడో తరగతిలో ఉండగా బాపట్ల మేనమామ చెన్నై వెళ్ళి, బర్మా బజారులో ఆ గేము కొనుక్కొచ్చాడు. అరచేతిలో పట్టేంత పెట్టె. దాంట్లో అడవులూ కొండలూ తిరుగుతూ రకరకాల జీవాల్ని మచ్చిక చేసుకోవాలి, పేర్లు పెట్టుకోవాలి, పెంచాలి, వాటితో పందేలు గెలవాలి. ఒక్కటే చిక్కు. ఆ పెట్టెలో ఒక్క ఆటే దాచుకోవడానికి చోటుండేది. కొత్తగా మొదలుపెట్టాలంటే పాతది చెరిపేయాల్సిందే. చెరిపేస్తే, అప్పటిదాకా వెంట తిప్పుకున్న జీవాలు మర్నాడు పొద్దునకల్లా పెరట్లో కుళాయి దగ్గర కూర్చుని కనిపించేవి. ఒక్కోదాని మెడ కింద దాన్ని పెంచినవాళ్ళ పేరు పుట్టుమచ్చలా ఉండేది. ఊళ్ళో ఆ గేము ఉన్న ఇళ్ళన్నిట్లోనూ ఇదే వరస. మొదటిసారి చూసినప్పుడు పాలు పోసే రంగమ్మ, "ఏంటమ్మగారూ, మీ అమ్మాయీ చెరిపేసిందా? ఐతానగరంలో మూడిళ్ళవాళ్ళు ఇట్టాగే తల పట్టుక్కూర్చున్నారు. చిట్టూ తవుడూ కలిపి పెట్టండి, తింటాయి" అని చెప్పి పాలు కొలిచి వెళ్ళిపోయింది.

అయితే స్నేహ చెరిపినన్నిసార్లు ఆ పేటలో ఇంకెవరూ చెరిపి ఉండరు. ఆ పిల్ల తీరే అంత. ముగ్గులో ఒక్క గీత వంకరపోతే ముగ్గంతా తుడిచేసి మళ్ళీ చుక్కల దగ్గర్నుంచి మొదలుపెట్టేది. నోట్సులో కొట్టివేత పడితే ఆ పేజీ చింపేసేది. ఆటలో ఒక పందెం ఓడినా, ఒక జీవం చేతికి చిక్కకుండా జారిపోయినా, ఇక అది పనికిరానిదనిపించేది. కొత్త ఆట అని నొక్కేది. పాతది పోతుంది, సరేనా అని పెట్టె అడిగేది. సరే అని నొక్కేది. మర్నాడు కుళాయి దగ్గర ఇంకో గుంపు.

వాటికి చోటు చూపించడం ప్రమీలారాణి వంతయ్యేది. ఆకులాంటి చెవులున్న తోటకూర అనేదాన్ని బాపట్ల తమ్ముడు తీసుకెళ్ళి మల్లెతోటలో వదిలాడు. రెక్కలున్నదాన్ని ఊళ్ళో కళ్ళానికి పంపితే తూర్పారబట్టడానికి పనికొచ్చింది. అన్నిటికన్నా ముందొచ్చింది మాత్రం బుంగ.

బుంగ స్నేహ మొట్టమొదటి ఆటలో మొట్టమొదటి జీవం. నీలంగా, గుండ్రంగా, నీళ్ళ బిందెకు కప్ప కాళ్ళు మొలిచినట్టుండేది. మూతి కొమ్ముచెంబులా ముందుకు సాగి ఉండేది. ఆటలో అది ఎప్పుడూ స్నేహ బొమ్మ వెనకాలే ఒక్క అడుగు దూరంలో నడిచేది. దాంతో ఎన్నో పందేలు గెలిచింది కూడా. ఒకరోజు అది కొంచెం ఎదిగి కొత్త విద్య నేర్చుకునే వేళకు, అమ్మ అన్నానికి పిలిస్తే స్నేహ తొందరలో చూడకుండా ఏదో నొక్కేసింది. బుంగ తన ఒక్కగానొక్క పెద్ద దెబ్బ పెనుకెరటాన్ని మర్చిపోయి, తేటనీరు అనే విద్య నేర్చుకుంది. తేటనీరు పందేల్లో దేనికీ పనికిరాదు. ఎదుటివాడి దాహం తీర్చి ఎవరు గెలుస్తారు? స్నేహ వెక్కి వెక్కి ఏడ్చి, ఆట చెరిపేసింది.

పొద్దున కుళాయి దగ్గర బుంగ తననే చూస్తూ కూర్చుంది. స్నేహ దాని మొహం చూడలేక లోపలికి పారిపోయింది. ఆ వారంలోనే రేపల్లె నుంచి మేనత్త దేవకుమారి వచ్చింది. ఆమె రేపల్లెలో బడిపంతులమ్మ. భర్త పోయాక ఒక్కతే ఉండేది. "దీన్ని నేను తీసుకెళ్తానే ప్రమీలా. మా బళ్ళో పిల్లలకు సరదాగా ఉంటుంది" అని రేపల్లె పాసింజర్లో ఒళ్ళో పెట్టుకుని పట్టుకెళ్ళింది. చంటిపిల్ల కింద లెక్కేగా అని టికెట్ కలెక్టరు దాని జోలికి రాలేదట.

ఆ తర్వాత స్నేహ రేపల్లె వెళ్ళలేదు. అత్తే పండగలకూ పబ్బాలకూ తెనాలి వచ్చేది. బుంగ సంగతి చెప్పబోతే స్నేహ ఏదో పని ఉన్నట్టు లేచి వెళ్ళిపోయేది.

పదో తరగతి అయింది, ఇంటరూ అయింది. స్నేహ తండ్రి ప్రకాశరావుకు మార్కెట్టు దగ్గర పురుగుమందుల కొట్టు. కూతుర్ని డాక్టరు చేయాలని ఆయన పట్టుదల. ఎంసెట్లో మెడిసిన్ సీటుకు చాలినంత ర్యాంకు రాలేదు. "లాంగ్ టర్మ్‌లో చేరతావా?" అని అడిగితే స్నేహ సరేనంది. మళ్ళీ మొదటి నుంచి చదవడం ఆమెకు కొత్తేం కాదు. గుంటూరు హాస్టల్లో ఏడాదంతా అవే పుస్తకాలు, అవే పరీక్షలు. రెండోసారీ ర్యాంకు రాలేదు.

ఫలితాలొచ్చిన రోజు ప్రకాశరావు అన్నం తిని చెయ్యి కడుక్కుంటూ, "పోన్లే. ఇంకొక్కసారి రాయి. ఈసారి మొదట్నుంచీ గట్టిగా చదివితే వస్తుంది" అన్నాడు.

"సరే నాన్నా" అంది స్నేహ.

ప్రమీలారాణి కూతురి వంక చూసింది. ఆ పిల్ల మొహంలో ఏమీ లేదు. బాధ కూడా లేదు. కుంపటి ఎందుకో లేచొచ్చి స్నేహ పాదాల మీద తల పెట్టి పడుకుంది.

మళ్ళీ గుంటూరు పంపే రోజు వచ్చింది. జూన్ నెల, వాన ఇంకా పడలేదు. ప్రకాశరావు స్కూటరు మీద కూతుర్ని తెనాలి స్టేషనుకు తీసుకొచ్చి, పెట్టె ప్లాట్‌ఫారం మీద పెట్టాడు. "కొట్టు దగ్గర రైతులు ఎదురుచూస్తుంటారమ్మా. బండెక్కేస్తావుగా? చేరాక ఫోన్ చెయ్యి" అని జాగ్రత్తలు చెప్పి వెళ్ళిపోయాడు.

గుంటూరు బండి వచ్చింది. స్నేహ దాని తలుపుల వంక చూస్తూ నిలబడింది. ఎక్కేవాళ్ళు ఎక్కారు. బండి వెళ్ళిపోయింది. అవతలి ప్లాట్‌ఫారం మీద రేపల్లె పాసింజరు సిద్ధంగా ఉంది. స్నేహ వంతెన ఎక్కి దిగి, ఆ బండిలో కూర్చుంది.

అత్త దగ్గరకు వెళ్దామని కాదు. రేపల్లెతో పట్టాలు అయిపోతాయి. అక్కణ్ణుంచి పెనుమూడి మీదుగా బస్సెక్కి కృష్ణ దాటితే అవతల దివిసీమ. అక్కడ తనను ఎరిగినవాళ్ళు లేరు. వేరే పేరు చెప్పుకుని, ఏదో ఒక చిన్న బడిలోనో కొట్లోనో పని చూసుకుంటుంది. రెండుసార్లు తప్పిన స్నేహ అనే పిల్ల ఇక ఉండదు. పేరు దగ్గర్నుంచీ అంతా కొత్తగా మొదలవుతుంది. వేమూరు దాటింది, భట్టిప్రోలు దాటింది. కిటికీలోంచి ఎండిన కాలవలు చూస్తూ ఆమె పేర్లు వెతుక్కుంది. చివరికి సంజన బాగుందనుకుంది. ఆ వేళకు అత్త బళ్ళో ఉంటుంది కాబట్టి ఎదురుపడే భయం లేదు.

రేపల్లెలో దిగి, పెట్టె మోసుకుంటూ బస్టాండు దారి పట్టింది. కాలవలకు ఇంకా నీళ్ళు వదల్లేదు. ఎండ మాడ్చేస్తోంది. బస్టాండుకు కొంచెం ఇవతల తాటాకులతో వేసిన చలివేంద్రం, దాని పక్కనే టీ బంకు కనిపించాయి. చలివేంద్రం ముందు జనం వరసలో నిలబడ్డారు. కొందరి చేతుల్లో బిందెలు కూడా ఉన్నాయి. తలొంచుకుని దాటిపోదామని స్నేహ అడుగు పెంచింది.

"ఏయ్ బుంగా! ఎక్కడికే? ఇంకా జనం ఉన్నారు" అని కేక వినిపించింది.

స్నేహ వెనక్కి చూసింది. తాటాకు నీడలోంచి బుంగ బయటికొస్తోంది. ఒళ్ళో పెట్టుకుని తీసుకెళ్ళిన బుంగ కాదది. పెయ్యదూడంత ఎత్తయింది. వీపు మీద నెమలికంఠం రంగు నిగనిగలాడుతోంది. నుదుటి మీద చిన్న తెల్లటి కొమ్ములు మొలిచాయి. ఆటలో బాగా ఎదిగిన జీవాలకు మాత్రమే వచ్చే కొమ్ములవి. స్నేహ దాన్ని అంతదాకా ఎప్పుడూ పెంచలేదు, మధ్యలోనే చెరిపేసింది. మిగతా దారంతా అది తనంతట తనే నడిచింది.

బుంగ నేరుగా వచ్చి, స్నేహ వెనకాల ఒక్క అడుగు దూరంలో నిలబడింది.

స్నేహ నాలుగడుగులు ముందుకు వేసింది. అదీ వేసింది. ఆగింది. అదీ ఆగింది.

"వెళ్ళు" అంది స్నేహ మెల్లగా. అది కదల్లేదు.

చలివేంద్రంలో గ్లాసులు కడుగుతున్న సుందరమ్మ తడిచేతులు కొంగుకు తుడుచుకుంటూ వచ్చింది. "ఎవరమ్మాయివమ్మా నువ్వు?"

"సంజన అండి. మాది ఈ ఊరు కాదు. బస్సు కోసం వెళ్తున్నాను."

టీ బంకు వెంకటకృష్ణయ్య వడపోత గుడ్డ పక్కన పెట్టి ఇటు తిరిగాడు. "అమ్మాయ్, ఇది మా ఊరొచ్చిన దగ్గర్నుంచీ ఎవరి వెనకాలా నడవలేదు. టీచరుగారి వెనకాల కూడా నడవదు. ఆవిడే దీని వెనక నడుస్తుంది" అన్నాడు. బుంగ మెడ కింద ఇంగ్లీషు అక్షరాల్లో ఉన్న పేరును ఊరంతా ఏనాడో కూడబలుక్కుని చదివేసింది. ఆయన ఆ పేరు వంక చూసి, ఆ పిల్ల వంక చూశాడు. "స్నేహవేనా?"

రైలంతా కూర్చుని అల్లుకున్నదంతా ఆ ఒక్క పిలుపుతో జారిపోయింది. "అవునండి" అంది. ఆ మాట అంటుంటేనే కళ్ళు నిండిపోయాయి.

"స్నేహ వచ్చింది!" అని వరసలో నిలబడ్డ ఒక చిన్నపిల్ల అరిచింది. బిందెలు కింద పెట్టి ఆడవాళ్ళు చుట్టూ మూగారు. ఆమె పెట్టెను ఎవరో అందుకున్నారు. ఇంకెవరో బల్ల లాగి కూర్చోబెట్టారు.

"ఎన్నాళ్ళకొచ్చావే తల్లీ" అని సుందరమ్మ ఆమె రెండు చేతులూ పట్టుకుంది. "ఇక్కడ ఎండాకాలం బావి నీళ్ళు ఉప్పు కషాయం. కిందటేడు కాలవ కట్టేశాక ఊళ్ళో పిల్లలకు కామెర్లు వచ్చాయి. దీని నీళ్ళు తాగిన బడిపిల్లల్లో ఒక్కరికీ రాలేదు. నా మనవరాలు ఆ బళ్ళోనే చదువుతోంది. అప్పట్నుంచీ నీకొక్కసారి దణ్ణం పెట్టుకోవాలని నా కోరిక."

"నాకెందుకండీ?"

"దీన్ని పెంచింది నువ్వేగా? ఈ విద్య నేర్పింది నువ్వేగా?"

"నేను నేర్పలేదండీ. అది... పొరపాటున నొక్కేశాను."

"పొరపాటున నొక్కినా నీ చేత్తోనే కదమ్మా నొక్కావు" అంది సుందరమ్మ, అందులో పెద్ద తేడా ఏముందన్నట్టు. వెంటనే ఒక గ్లాసు కడిగి బుంగ మూతి కింద పెట్టింది. బుంగ నింపింది. స్నేహ తాగింది. ఎంత తియ్యటి నీళ్ళు! అన్నేళ్ళు ఆ విద్య పేరే తెలుసు గానీ రుచి తెలియదు. ఇంకో గ్లాసు తాగింది.

పెనుమూడి వైపు వెళ్ళే బస్సు వచ్చి ఆగింది. కండక్టరు దిగి, సీసాలో నీళ్ళు పట్టుకుంటూ, "ఎవరీ అమ్మాయి?" అని అడిగాడు. "స్నేహ" అని చెప్పారు. "ఓహో, ఈ అమ్మాయేనా!" అని ఆయన నవ్వుతూ తల పంకించి, ఈల వేసి బస్సెక్కాడు. బస్సు వెళ్ళిపోయింది. ఆమెను ఎక్కమని ఎవరూ అనలేదు. ఆమెకూ లేవాలనిపించలేదు.

కబురందుకుని దేవకుమారి బడి నుంచి పరుగులాంటి నడకతో వచ్చింది. మేనకోడలినీ పెట్టెనూ చూసింది. "పద, అన్నం తిందువుగాని" అంది. ఇల్లు చేరేదాకా బుంగ వెనకాలే నడిచింది.

అన్నం తిన్నాక స్నేహ అంతా చెప్పింది. వదిలేసిన గుంటూరు బండి గురించి, సంజన అనే పేరు గురించి కూడా దాచలేదు. చెప్పి చెప్పి చివరికి, "నేను దీన్ని చెరిపేశానత్తా. పనికిరాదని చెరిపేశాను. ఇప్పుడు అందరూ దణ్ణాలు పెడుతుంటే తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు" అంది.

దేవకుమారి వాకిట్లో అరుగు మీద పడుకున్న బుంగను చూసింది. "చెరిపేశావన్న సంగతి దానికి తెలీదే అమ్మడూ. నువ్వింకా ఆడుతూనే ఉన్నావనుకుంటోంది."

స్నేహ లేచి వెళ్ళి బుంగ పక్కన కూర్చుంది. దాని మెడ మీద చెయ్యి వేసింది. చల్లగా, కొత్త కుండలా ఉంది. అది కళ్ళు మూసుకుని ఆమె ఒళ్ళోకి ఒరిగింది. ఆ బరువుకు స్నేహ గోడకు ఆనుకుని చాలాసేపు ఏడ్చింది. ఏడ్చాక, హాస్టల్లో ఏడాదిగా పట్టని నిద్ర ఆ మధ్యాహ్నం ఆ అరుగు మీదే పట్టింది.

దేవకుమారి ఫోన్ చేయగానే ప్రకాశరావు కొట్టు మూసి, దొరికిన బస్సెక్కి సాయంత్రానికి వచ్చాడు. చెమటతో చొక్కా వీపుకు అతుక్కుపోయింది.

"ఏంటమ్మా ఇది? నీకేమన్నా అయితే మీ అమ్మకు నేనేం చెప్పాలి?" అని వాకిట్లోంచే గొంతు పెంచాడు.

"ముందు కాళ్ళు కడుక్కుని లోపలికి రారా ప్రకాశం" అంది అక్క.

"అక్కాయ్, నువ్వు అడ్డం రాకు. రేపు పొద్దున్నే గుంటూరు తీసుకెళ్ళి నేనే దగ్గరుండి చేర్పిస్తాను."

స్నేహ లేచి నిలబడింది. బుంగ వెనకాలే ఉంది. "నేను మళ్ళీ మొదలుపెట్టను నాన్నా" అంది. "నువ్వు అడిగిన ప్రతిసారీ సరేనన్నాను. సరే అనడం ఒక్కటే వచ్చు నాకు. ఇంటర్లో మంచి మార్కులే వచ్చాయి. అవి చెరిగిపోలేదుగా. వాటితో ఇక్కడే డిగ్రీలో చేరతాను. బీఎస్సీ చదువుతాను. ఇంతదాకా వచ్చినదాన్ని, ఇక్కణ్ణుంచే నడుస్తాను."

ప్రకాశరావు కూతుర్ని అలా మాట్లాడగా ఎప్పుడూ వినలేదు. అరుగు మీద కూలబడ్డాడు. మొహం తుడుచుకుని, "నేను చదువుకోలేదు. పురుగుమందులు అమ్ముకుంటూ బతికాను. ఫలానా డాక్టరమ్మగారి నాన్న అని నలుగురూ అనుకుంటే వినాలని ఉండేది. అంతేనమ్మా" అన్నాడు. ఆ గొంతులో కోపం లేదు.

స్నేహ ఒక గ్లాసు తెచ్చి బుంగ మూతి కింద పెట్టి, నింపి తండ్రి చేతికిచ్చింది. ఆయన తాగి, ఖాళీ గ్లాసు వంక చూస్తూ, "ఇది మన పెరట్లో కూర్చున్నదేనా?" అని అడిగాడు.

"అదే నాన్నా."

"ఎంత పెద్దదైపోయింది!" అన్నాడు. అంటూ బుంగను చూడలేదు, కూతుర్నే చూశాడు.

పొద్దున్నే ప్రకాశరావు ఒక్కడే తిరుగు ప్రయాణమయ్యాడు. కాలేజీలో అప్లికేషన్ల సంగతి కనుక్కోమని అక్కకు చెప్పాడు. స్నేహను దగ్గరకు తీసుకుని తల నిమిరి, "అమ్మకు నేను చెప్తాలే" అన్నాడు. స్నేహకు ఆ క్షణంలో తండ్రి మీదా, అత్త మీదా, తనను ఎక్కించుకోకుండా వెళ్ళిపోయిన ఆ బస్సు మీదా పట్టలేనంత ప్రేమ కలిగింది. ఆయన చొక్కా కాలరు సరిచేసింది.

స్టేషనుకు వెళ్ళే ముందు టీ తాగుదామని ఆయన బస్టాండు దారిలో ఆగాడు. చలివేంద్రం ముందు అప్పటికే బిందెలు వరస కట్టాయి. బుంగ ఇంకా రాలేదు. అయినా ఎవరూ విసుక్కోవడం లేదు. "ఆ పిల్లతో కలిసి వస్తుందిలే, ఇవాళ కాస్త ఆలస్యమైతే ఏం?" అని ఒకావిడ ఇంకొకావిడతో అంటోంది.

వెంకటకృష్ణయ్య టీ గ్లాసు అందిస్తూ, "ఎవరండీ మీరు? ఊరికి కొత్తలా ఉన్నారు" అని అడిగాడు.

పురుగుమందుల కొట్టు ప్రకాశరావునని చెప్పడం ఆయనకు పాతికేళ్ళ అలవాటు. నోటిదాకా వచ్చిన ఆ మాట ఎందుకో ఆగిపోయింది. ఆయన గొంతు సవరించుకున్నాడు.

"స్నేహ వాళ్ళ నాన్ననండి" అన్నాడు.

వరసలో ఉన్నవాళ్ళంతా ఇటు తిరిగారు. వెంకటకృష్ణయ్య గబగబా భుజం మీది తువ్వాలు తీసి బల్ల దులిపాడు. "అయ్యో, నిలబడే తాగుతున్నారేంటండీ! కూర్చోండి, కూర్చోండి" అన్నాడు.